జనాభా 40 దగ్గర ఇరుక్కుపోయింది, పెంచితే తిండి చాలట్లేదు (ఫాల్‌అవుట్ షెల్టర్)

కొత్తతలుపు:
అందరికీ నమస్తే. ఫోన్‌లో ఆడుతున్నాను, నార్మల్ మోడ్ (భూమి కింద వాల్ట్ అనే ఆశ్రయం కట్టి జనాన్ని పోషించే ఆట ఇది). ప్రస్తుతం డ్వెల్లర్లు (వాల్ట్‌లో ఉండే జనం) 41 మంది. ఇక్కడిదాకా సాఫీగానే వచ్చింది. ఇప్పుడు ఇద్దరు పిల్లలు పుడితే చాలు, తిండి (స్క్రీన్ మీద కనీస మట్టం చూపే) గీత కిందికి జారి ఎర్రబడుతోంది, అందరి హెల్త్ కొంచెం కొంచెంగా తగ్గుతోంది. పోనీ అని డైనర్‌లో (తిండి తయారయ్యే గది) రష్ కొడితే, అంటే పని తొందరపెడితే, నిప్పంటుకుంటోంది. నాకేమో 100 దాటించి న్యూకా-కోలా బాట్లర్ (తిండి, నీళ్లు రెండూ ఇచ్చే గది) తెరవాలని ఉంది.

గదుల సంగతి: కరెంటు గది మూడు గదుల పొడవు. డైనర్, నీళ్ల గది రెండేసి గదులవి. లివింగ్ క్వార్టర్స్‌లో (జనం ఉండే, జంటలు కలిసే గదులు) ఖాళీ బాగానే ఉంది. రేడియో ఇంకా కట్టలేదు. జనాన్ని తొందరగా పెంచే దారి చెప్పండి.

మెరుపువాల్ట్:
సింపుల్ బ్రో. లివింగ్ క్వార్టర్స్‌ని మూడు గదులకి పొడిగించు. ముగ్గురు మగవాళ్లు, ముగ్గురు ఆడవాళ్లు. ఒకావిడ గర్భవతి కాగానే బయటికి లాగి పనిలో పెట్టు, ఆ ఖాళీలోకి ఇంకో ఆవిడని దింపు. మగవాళ్లు అక్కడే ఉంటారు. వాళ్లకి గ్యాప్ అక్కర్లేదు కదా. అలా నడిపితే ఒక్క రోజులో జనాభా ఎక్కడికో పోతుంది.

డైనర్‌పిచ్చోడు:
అతను అడిగింది తిండి గురించి, నువ్వు చెప్పింది పిల్లల గురించి 😂

మెరుపువాల్ట్:
టైటిల్‌లో జనాభా అని ఉంది మరి.

లెక్కలబాబు:
కొత్తతలుపు గారూ, మీకు పిల్లలు పుట్టకపోవడం సమస్య కాదు. పుట్టిన బిడ్డ పనికి రావడానికి పట్టే టైమ్ దగ్గర లెక్క తప్పుతోంది.

గర్భం 3 గంటలు. పుట్టాక పెద్దవ్వడానికి ఇంకో 3 గంటలు. అంటే ఇప్పుడు జంటని కలిపితే కొత్తగా పనిచేసే చేతులు వచ్చేది ఆరు గంటల తర్వాతే. బిడ్డ పుట్టిన క్షణం నుంచి జనాభా లెక్కలోకి వచ్చేస్తుంది, కానీ మూడు గంటల పాటు ఏ పనీ చేయదు. గది నుంచి గదికి పరిగెత్తుతూ తిరుగుతుంది, అంతే. ఒకేసారి ఆరుగురు పుడితే ఆరుగురు పనివాళ్లు వచ్చినట్టు మనకి అనిపిస్తుంది. డైనర్‌లో మాత్రం అప్పటికి ఒక్క మనిషీ పెరగలేదు.

అందుకని పద్ధతి తిరగేయండి. రాబోయే జనానికి సరిపడా తిండి, నీళ్లు ముందే వస్తుండాలి. జంటలు ఆ తర్వాత. డైనర్‌ని, నీళ్ల గదిని మూడేసి గదులకి పొడిగించి, రెంటిలోనూ ఆరుగురిని నింపండి. తిండి గీత మీద నిలకడగా నిలబడి, పైన కాస్త మిగులుతోంది అనుకున్నాకే లివింగ్ క్వార్టర్స్ తలుపు తట్టండి.

కరెంటు విషయం వేరు. అది మనుషుల్ని బట్టి ఖర్చవదు, గదుల్ని బట్టి ఖర్చవుతుంది. పిల్లలు పుడితే కరెంటు పోదు, వాళ్ల కోసం మీరు గదులు కడితే పోతుంది. తిండి, నీళ్లు మనిషిని బట్టి పోతాయి. ఈ రెండు రకాలనీ ఒకే గాటన కట్టేస్తే అయోమయమే.

కొత్తతలుపు:
అయ్యో, కరెంటు సంగతి ఇలా ఎప్పుడూ ఆలోచించలేదు. మరి గది రెండుదే ఉన్నా లెవెల్ పెంచితే సరిపోదా? క్యాప్స్ (ఆటలో డబ్బు) కొంచెం టైట్‌గా ఉన్నాయి.

లెక్కలబాబు:
లెవెల్ పెంచినా దిగుబడి పెరుగుతుంది, కాదనను. కాకపోతే లోపల అంటుకునే నిప్పు, వచ్చే బొద్దింకలు కూడా గది లెవెల్‌ని బట్టి ముదురుతాయి. జనం చేతుల్లో తుపాకులు లేనప్పుడు లెవెల్ 3 గదులు కోరి తెచ్చుకున్న తలనొప్పి. ముందు పొడిగించండి, లెవెల్ తర్వాత చూసుకోవచ్చు. పక్కపక్కన ఉన్న గదులు కలవాలంటే లెవెల్ కూడా ఒకటే అయి ఉండాలి, అది గుర్తుంచుకోండి.

డైనర్‌లో ఎవరున్నారో కూడా ఒకసారి చూడండి. అక్కడ లెక్కకొచ్చేది అజిలిటీ (చురుకుదనం, డ్వెల్లర్ల గుణాలకి ఉండే స్పెషల్ పాయింట్లలో ఒకటి). నీళ్లకి పర్సెప్షన్, కరెంటుకి స్ట్రెంత్. అజిలిటీ 1 ఉన్నవాళ్లు ఆరుగురు చేసే పని, అజిలిటీ 5 ఉన్నవాళ్లు ఇద్దరు ముగ్గురు ఆ టైమ్‌కి చేసేస్తారు. చాలామంది వాల్ట్‌లో తిండి కొరత అంటే నిజానికి మనుషులు రాంగ్ గదిలో ఉండటమే.

నింపాదిగా:
పైవన్నీ ఒప్పుకుంటాను. కానీ అసలు 100 ఎందుకంత తొందరగా? ఎవరూ ఈ మాట అడగట్లేదు.

60 దాటాక డెత్‌క్లాలు (బయటి నుంచి దాడి చేసే రాక్షస జంతువులు) మొదలవుతాయి. తలుపు బద్దలు కొట్టుకుని వచ్చి ఒక గదిలో ఆగవు, ఒకదాని తర్వాత ఒకటి గదులన్నీ తిరుగుతాయి. 41 మందికే తిండి చాలని వాల్ట్‌లోకి అవి దిగితే పది నిమిషాల్లో సగం మందిని బతికించుకోవడానికి క్యాప్స్ కక్కాలి. నా ఓటు: 55 దగ్గర ఆపు. అందరికీ పనికొచ్చే తుపాకీ ఒక్కోటి వచ్చేదాకా 60 దాటకు. ఈలోగా బయటికి మనుషుల్ని పంపి ఆయుధాలు తెప్పించుకో.

మెరుపువాల్ట్:
55 దగ్గర కూర్చుంటే ఆట ఎక్కడ ఉంది అన్నా? రెండు వారాలు అదే తిండి అదే నీళ్లు నొక్కుకుంటూ కూర్చోవాలా? 60కి న్యూక్లియర్ రియాక్టర్, 70కి గార్డెన్, 80కి వాటర్ ప్యూరిఫికేషన్ వస్తాయి. అవి వచ్చాకే కదా అసలు తిండి కష్టం తీరేది.

నింపాదిగా:
తీరుతుంది. అవి కట్టడానికి క్యాప్స్ ఎక్కడివి? తెరుచుకున్న రోజే కట్టేయగలిగితే నీతో గొడవే లేదు. చాలామంది 70 చేరి గార్డెన్ ధర చూసి నోరెళ్లబెడతారు.

అర్ధరాత్రి ఓవర్‌సీర్:
ఇద్దరి మాటలోనూ పాయింట్ ఉంది. ఎవరూ చెప్పని ఒక విషయం నేను చెప్తాను: గర్భవతుల్ని ఎక్కడ పెడుతున్నారు?

మెరుపు చెప్పిన పద్ధతిలో గర్భవతులందరూ వరసగా డైనర్‌లోకే వెళ్లిపోతారు. ఎందుకంటే అక్కడే ఖాళీ కనబడుతుంది కాబట్టి. ఆరుగురూ గర్భవతులైన డైనర్‌లో బొద్దింకలు వస్తే ఏమవుతుందో ఒకసారి చూడండి. ఎవరూ తుపాకీ ఎత్తరు. చేతిలో మంచి రైఫిల్ ఉన్నా సరే, ఆరుగురూ భయంతో బయటికి పరుగు. గది ఖాళీ. ఖాళీ గదిలో బొద్దింకల్ని చంపేవాళ్లు ఉండరు, అవి పక్క గదిలోకి పాకుతాయి. ఈలోగా డైనర్ మీద తిరిగే గుండ్రటి గుర్తు ఆగిపోయి ఉంటుంది, అంటే తిండి తయారవదు. మనం ఖంగారుగా నీళ్ల గదిలోంచి ఇద్దర్ని లాగి పంపిస్తే అక్కడ నీళ్లు ఆగిపోతాయి. మొదలైంది ఒక గదిలో, ఎర్రబడేది మూడు గీతలూ.

కొత్తతలుపు గారికి రష్ కొట్టినప్పుడల్లా నిప్పు అంటుకుని తిండి పడిపోవడానికి ఇదే కారణమని నా అనుమానం. ఒకసారి డైనర్ మీద నొక్కి చూసి చెప్పండి.

కొత్తతలుపు:
చూశాను. నలుగురిలో ముగ్గురు గర్భవతులు. మిగిలిన ఆయన అజిలిటీ 2.

డైనర్‌పిచ్చోడు:
కేసు క్లోజ్ 😂

అర్ధరాత్రి ఓవర్‌సీర్:
మరి చూశారా! గదికి సగానికి మించి గర్భవతులు ఉండకుండా సర్దండి. మూడు గదుల డైనర్ అయితే ఇద్దరు ముగ్గురు గర్భవతులు, మిగతావాళ్లు ఆయుధాలున్న మగవాళ్లు. పనిలో ఏ తేడా ఉండదు, గర్భవతి కూడా అంతే వేగంగా పని చేస్తుంది. తేడా అంతా గొడవ వచ్చినప్పుడే.

మట్టికి ఆనుకున్న గదుల్లో మోల్‌రాట్లు (తవ్వుకుంటూ వచ్చే ఎలుకలు) వస్తాయి కాబట్టి అంచుల్లో ఉన్న గదుల్లో గర్భవతుల్ని అసలు పెట్టను. మధ్య గదుల్లోనే. వాల్ట్ తలుపు దగ్గర ఎలాగూ ఇద్దరే పడతారు, అక్కడ మీ దగ్గరున్న ఇద్దరు మొనగాళ్లు ఉండాలి.

ఇంకోటి, నిద్రపోయే ముందు జంటలు కలిసేలా చూసుకోండి. ఆట మూసేసినా గర్భం గడువు, బయటికి వెళ్లినవాళ్ల ప్రయాణం నడుస్తూనే ఉంటాయి. ఆట మూసి ఉండగా నిప్పు, బొద్దింకలు రావు. పొద్దున తెరిచేసరికి ప్రసవాలు రెడీ.

చరిష్మారాణి:
ఇక్కడ ఒక అపోహ తరచూ కనిపిస్తుంది, ముందే చెప్పేస్తున్నాను. చరిష్మా (ఆకర్షణ, ఇంకో స్పెషల్ పాయింట్) ఎక్కువ ఉంటే గర్భం తొందరగా తీరుతుందని అనుకుంటారు. అలా ఏం ఉండదు, మూడు గంటలంటే మూడు గంటలే. చరిష్మా తగ్గించేది మాటలు కలిసి, డ్యాన్స్ చేసి, లోపలి గదిలోకి వెళ్లడానికి పట్టే టైమ్‌ని. ఇద్దరి చరిష్మా కలిపి లెక్క. చరిష్మా 1 ఉన్న ఇద్దరిని పెడితే ఎంతసేపూ నిలబడి కబుర్లే. చరిష్మా పెంచే డ్రెస్ ఏది ఉన్నా (నైట్‌వేర్ లాంటివి) వేసి పంపండి, పని అయ్యాక విప్పి ఇంకొకరికి వేయండి. ఒకటి రెండు డ్రెస్‌లతో వాల్ట్ మొత్తం నడుస్తుంది.

పైగా కలిసిన ఇద్దరికీ హ్యాపీనెస్ 100కి వెళ్తుంది. మొహం మాడ్చుకుని తిరిగేవాళ్లకి ఇదే మందు.

కొత్తతలుపు:
చరిష్మారాణి గారూ, ఒక డౌటండి. ఒక జంట రెండు గంటల నుంచి నిలబడే ఉన్నారు. చరిష్మా ఇద్దరిదీ బానే ఉంది. ఏంటో ఏమీ జరగట్లేదు.

చరిష్మారాణి:
ఇంటిపేర్లు చూడండి. ఇద్దరిదీ ఒకటేనా?

కొత్తతలుపు:
అవును ఒకటే. అన్నాచెల్లెళ్లా!?

చరిష్మారాణి:
అయి ఉంటారు 🙂 పిల్లలకి తండ్రి ఇంటిపేరు వస్తుంది. తోబుట్టువులు, సవతి తోబుట్టువులు, తల్లీకొడుకు, తండ్రీకూతురు ఎన్ని గంటలు నిలబెట్టినా బంధువుల్లా మాట్లాడుకుంటారు తప్ప డ్యాన్స్ మొదలవ్వదు.

మెరుపు పద్ధతిలో అసలు చిక్కు ఇక్కడే. ముగ్గురు మగవాళ్లనే అక్కడ ఉంచేస్తే తర్వాతి తరం మొత్తం మూడు కుటుంబాలే. 40 నుంచి 70 వరకు జెట్ స్పీడ్, ఆ తర్వాత ఎవరిని ఎవరితో పెట్టినా బంధుత్వమే. తండ్రుల్ని మారుస్తూ ఉండండి. నేను చేసేది: పిల్లలు పెద్దయ్యాక పేరు మార్చే చోట ఇంటిపేరు చివర తల్లి మొదటి అక్షరం కలుపుతాను. లిస్టు చూస్తే ఎవరు ఎవరి సంతానమో తెలిసిపోతుంది. ఓపిక కావాలి, కానీ గంటల తరబడి వెయిట్ చేయడం కంటే నయం.

డైనర్‌పిచ్చోడు:
మీరు ఆట ఆడట్లేదండీ, రికార్డులు రాస్తున్నారు.

చరిష్మారాణి:
ఆ రికార్డు చూసుకునే 180 మంది దాకా తెచ్చాను, మీకు ఎంత మంది?

డైనర్‌పిచ్చోడు:
…63 😶

లెక్కలబాబు:
ఈ బంధుత్వాల గొడవకి రేడియో చాలా మంచి విరుగుడు. 20 మందికే తెరుచుకుంటుంది, కొత్తతలుపు గారు ఇంకా కట్టలేదన్నారు. రేడియోలో పనిచేసేవాళ్ల చరిష్మాని బట్టి బయటి మనుషులు వెతుక్కుంటూ వస్తారు. వాళ్లు ఎవరికీ బంధువులు కారు, వచ్చేది పెద్దవాళ్లుగానే. తలుపు దాటిన వెంటనే డైనర్‌లో పెట్టుకోవచ్చు, ఆరు గంటల వెయిటింగ్ లేదు.

అయితే మనుషుల రాక నెమ్మది. ఒక్క రేడియోని నమ్ముకుని 100 చేరాలంటే చాలా ఓపిక పట్టాలి. పిల్లలు సంఖ్య కోసం, రేడియో కొత్త రక్తం కోసం అనుకోండి.

నింపాదిగా:
రేడియోలో చరిష్మా బాగున్నవాళ్లనే కూర్చోబెడితే లివింగ్ క్వార్టర్స్‌కి ఎవరు మిగులుతారు? 41 మందిలో చరిష్మా ఉన్నవాళ్లు ఎంతమంది ఉంటారు? రెండు గదుల మధ్య వాళ్లనే అటూ ఇటూ లాగడం.

లెక్కలబాబు:
నిజమే. అందుకే తిండి నిలబడ్డాక మొదట జంటలు, ఆ తర్వాత రేడియో అంటాను. 40కి లాంజ్ తెరుచుకుంటుంది, అక్కడ చరిష్మా శిక్షణ ఇవ్వొచ్చు. ఇద్దరు ముగ్గురిని అక్కడ పెడితే ఈ లాగులాట పోతుంది.

పిల్లికావాలి:
పెట్స్ గురించి ఎవరూ అనలేదు. కవలలు, ముగ్గురు పుట్టే ఛాన్స్ పెంచే పెట్స్ ఉంటాయి. పిల్లల స్పెషల్ పాయింట్లు పెంచేవి కూడా ఉన్నాయి. దొరికితే జంటకి తగిలించండి.

మెరుపువాల్ట్:
తిండి లేనివాడికి కవలలా! ఇప్పుడే వద్దులెండి.

పిల్లికావాలి:
😹

నింపాదిగా:
నేను మళ్లీ నా పాటే పాడతాను, తిట్టుకోకండి. పుట్టిన పిల్లల్ని పెద్దవాళ్లు కాగానే పనిలో తోసేయకండి.

పుట్టినవాళ్లందరూ లెవెల్ 1. లెవెల్ పెరిగినప్పుడల్లా ఎంత హెల్త్ కలుస్తుందో ఆ క్షణంలో ఉన్న ఎండ్యూరెన్స్‌ని (దేహ దారుఢ్యం) బట్టి ఉంటుంది. ముందు లెవెల్ పెంచేసి తర్వాత ఎండ్యూరెన్స్ పెంచితే పోయిన హెల్త్ వెనక్కి రాదు. 35 మందికి ఫిట్‌నెస్ రూమ్ తెరుచుకుంటుంది, మీరు 41 అన్నారు కాబట్టి కట్టుకోవచ్చు. పిల్లలు పెద్దయిన వెంటనే అందులోకి. ఎండ్యూరెన్స్ 10 చేశాక, దాన్ని ఇంకా పెంచే డ్రెస్ వేసి, అప్పుడు పనికో, బయటికో పంపండి. మొదట చేరిన డ్వెల్లర్ ఒకడు, ఇలా తయారైన డ్వెల్లర్ ఒకడు, ఇద్దరూ లెవెల్ 50లో పక్కపక్కన నిలబడితే హెల్త్ గీతలో తేడా కళ్లకి కనిపిస్తుంది. డెత్‌క్లా వచ్చిన రోజు ఆ తేడాయే ప్రాణం నిలబెడుతుంది.

కాబట్టి కొత్త తరం నాకు సంఖ్య కాదు. బలహీనమైన పాతవాళ్ల బదులు గట్టివాళ్లని తెచ్చుకునే అవకాశం.

మెరుపువాల్ట్:
ఇది మాత్రం ఒప్పుకుంటా. కానీ శిక్షణలో ఉన్నవాడు తిండి తెచ్చిపెట్టడు, తింటాడు. కొత్తతలుపు పరిస్థితిలో అందరినీ ఫిట్‌నెస్‌లో పెడితే ఇంకా మునుగుతాడు.

నింపాదిగా:
అందరినీ కాదు. బయటికి పంపబోయేవాళ్లనీ, తలుపు దగ్గర నిలబడేవాళ్లనీ. డైనర్‌లో ఉండేవాడికి అజిలిటీ నేర్పితే చాలు.

అర్ధరాత్రి ఓవర్‌సీర్:
60 దాటే ముందు ఒక పని తప్పకుండా చేయండి. తలుపు నుంచి లోపలికి వచ్చే దారిలో మొదటి రెండు మూడు గదులు ఏవో చూడండి. చాలామందికి అక్కడ లివింగ్ క్వార్టర్స్ ఉంటాయి, ఎందుకంటే ఆట మొదట్లో ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ కట్టేస్తాం. డెత్‌క్లాలు వచ్చేసరికి లోపల చరిష్మా డ్రెస్‌లు వేసుకుని, చేతిలో ఏ ఆయుధం లేకుండా డ్యాన్స్ చేస్తున్న జంటలు. కరెంటు గదిలో ఎప్పుడూ ఆరుగురు ఉంటారు కాబట్టి దాన్ని తలుపుకి దగ్గరగా పెట్టుకోండి, మంచి తుపాకులన్నీ వాళ్లకే. మొదటి రెండు గదుల్లోనే డెత్‌క్లాల పని అయిపోవాలి.

కొత్తతలుపు:
అందరికీ చాలా థ్యాంక్స్. చెప్పినవి మొదలుపెట్టాను. డైనర్ మూడు గదులకి పొడిగించాను, గర్భవతుల్ని మూడు గదుల్లోకి పంచాను. అజిలిటీ లెక్కన లిస్టు పేర్చి చూస్తే అజిలిటీ 6 ఉన్నావిడ స్టోరేజ్ రూమ్‌లో తీరిగ్గా కూర్చుని ఉంది. డైనర్‌కి మార్చాను. తిండి గీత దాటి పైనే ఉంది. జంటల్ని ఇంకా కలపలేదు, నీళ్లు కూడా స్థిరపడనివ్వాలని.

ఇంకో డౌట్. 100 కోసం లివింగ్ క్వార్టర్స్ ఎన్ని కట్టాలి?

లెక్కలబాబు:
మూడు గదులు కలిపి లెవెల్ 3 చేస్తే ఒక్కదాంట్లో 40 మంది. ఆటలో గరిష్ఠం 200 కాబట్టి చివరికి అలాంటివి ఐదు చాలు. 100కి మూడు. చిన్నవి ఎక్కడపడితే అక్కడ కట్టకండి, ప్రతి కొత్త గదికీ ధర పెరుగుతూ పోతుంది, కరెంటూ తింటుంది. ఉన్నవాటిని కలిపి లెవెల్ పెంచడమే లాభం. లివింగ్ క్వార్టర్స్‌లో జాగా లేకపోతే నెలలు నిండినా ప్రసవం అవదు, గర్భవతి అలాగే తిరుగుతుంటుంది. ఖాళీ ఎప్పుడూ కొంచెం ముందే ఉంచుకోండి.

డైనర్‌పిచ్చోడు:
మరి 200 అయ్యాక ఏం చేస్తారు? అడగొచ్చా, నాకు ఇంకా 137 తక్కువ గానీ.

చరిష్మారాణి:
నేను 180 దగ్గరున్నాను, అప్పుడే ఆలోచన మొదలైంది. మొదట్లో వచ్చిన డజను మంది లెవెల్ 50, కానీ ఎండ్యూరెన్స్ లేకుండా పెరిగినవాళ్లు. వాళ్లని బయటికి పంపేసి కొత్తవాళ్లకి చోటిస్తే వాల్ట్ గట్టిపడుతుంది. చేతులు రావట్లేదు, అంతే.

నింపాదిగా:
వాళ్లని డైనర్‌లో, నీళ్ల గదిలో మధ్యలో పెట్టేయండి. పోరాటం కొత్తవాళ్లు చూసుకుంటారు. వెళ్లగొట్టాలనుకుంటే ముందు వాళ్ల డ్రెస్, తుపాకీ తీసి స్టోరేజ్‌లో వేసుకోండి.

మెరుపువాల్ట్:
నేనైతే రేడియోలో వచ్చి ఏ స్పెషల్ పాయింటూ 3 దాటనివాళ్లని ముందు పంపుతా. పాతవాళ్లు చివర్లో.

చరిష్మారాణి:
అదీ బాగుంది. లిస్టు చూసి పేర్లు తీస్తాను.